పేజీ నంబరు కోసం ఆగిన అఫిడవిట్

మా ప్రొఫెసరు గారు ఏ పుస్తకంలోని మాటనైనా సొంత కళ్లతో చూస్తే తప్ప నమ్మేవారు కాదు. తను రాసిన పుస్తకాలకీ ఇదే రూలు. ఎనభైల మొదట్లో న్యూజెర్సీలో లా చదువుతూ నేను ఆయన దగ్గర రీసెర్చ్ అసిస్టెంటుని, అంటే పుస్తకాలు మోసేవాణ్ణి.

వేరే దేశంలో పోలీసులు హింసించి చంపిన తమ్ముడి కోసం ఒకావిడ ఇక్కడి ఫెడరల్ కోర్టులో దావా వేసింది. అంతర్జాతీయ న్యాయం ప్రకారం ఈ కోర్టు అలాంటి కేసు వినొచ్చని ఈయన రాసిన వ్యాసమే ఆవిడ లాయరుకి ధైర్యం. అదే మాట కోర్టుకి అఫిడవిట్‌గా రాసి ఇమ్మని ఆ లాయరు ఈయన్ని అడిగాడు. గడువు అప్పటికే రెండుసార్లు పొడిగించారు. ఇక శుక్రవారమే ఆఖరు. బుధవారానికల్లా నలభై పేజీలూ టైపు చేసిపెట్టాను.

"ఫుట్‌నోట్లో వేసిన ఈ ఫ్రెంచి పుస్తకం పేజీ నంబరు సరిచూడాలోయ్. మన లైబ్రరీలో లేదు, తెప్పించు."

"సార్, జడ్జి గారికి ఫ్రెంచి రాదేమో."

"నాకు వచ్చు కదా!"

శుక్రవారం లాయరు మూడుసార్లు ఫోన్ చేశాడు. ఈయన మూడుసార్లూ "ఇదిగో, అయిపోయింది" అన్నారు. పుస్తకం మంగళవారం వచ్చింది. పేజీ నంబరు మేం వేసిందే. ఆయన మొహం వెలిగిపోయింది. ఇంతలో లాయరు ఫోను: ఆధారమేదీ దాఖలు కాలేదని సోమవారమే జడ్జి కేసు కొట్టేశాడట.

మర్నాడు ఆవిడే వచ్చింది. ఒక్క తప్పూ లేని అఫిడవిట్‌ని ఆయన రెండు చేతులతో అందించారు. ఆవిడ నిలబడే చివరిదాకా తిరగేసింది.

"చాలా బాగా రాశారు. ఇప్పుడు దీన్ని ఎవరికి చూపించమంటారు?"

ఆయన నా వైపు చూశారు. నేను పుస్తకం తిరిగి ఇచ్చేయడానికి లైబ్రరీకి బయల్దేరాను.