సవీనా అంటే అర్థం

పోయిన వారం మా పై వాటాలో బారసాల జరిగింది. పటమటలో ఇప్పుడు బారసాలలు కూడా భోజనాలతో సహా గంటన్నరలో అయిపోతున్నాయి. పళ్లెంలో పోసిన బియ్యం మీద ఉంగరంతో పేరు రాయబోతూ పిల్ల తండ్రి ఆగి, ఆ పేరుకు ఏదో దేశపు భాషలో ‘తొలి వెలుగు’ అని అర్థమట, ఫోనులో చూసి అందరికీ చదివి వినిపించాడు. తరవాత నా వైపు తిరిగి, తాతగారూ, మీకు పేర్ల అర్థాలన్నీ తెలుసటగా, ఇది నిజమేనా అని అడిగాడు. నాకు తెలియదన్నాను. మా ఆవిడ నా మొహంలోకి వింతగా చూసింది. ఏభై ఏళ్ల కాపురంలో నేను తెలియదనడం ఆవిడ విన్నది బహు తక్కువ.

నా ఈడు వాళ్లకు గుర్తుండే ఉంటుంది, ఒకప్పుడు లారీ నుదుటి మీద యజమాని పిల్లల పేర్లు ఉండి తీరాల్సిందే. ఆటోనగర్లో ఆ పేర్లు రాసిన ఆర్టిస్టుల్లో నేనొకణ్ణి. పద్నాలుగు భాషల్లో రాసేవాణ్ణని చాలామందికి చెప్పాను, మొన్న మొన్నటిదాకా చెబుతూనే ఉన్నాను. పద్నాలుగు కాదు లెండి, మూడు. మిగతావి డ్రైవర్లు చీటీ మీద రాసిస్తే, బొమ్మ చూసి బొమ్మ వేసినట్టు దించేవాణ్ణి.

పేర్లకు అర్థాలు అడిగే పిచ్చి మాత్రం నిజంగానే ఉండేది. రంగు ఆరేదాకా వాళ్లకు కూర్చోక తప్పదు, నాకు అడగక తోచదు. ఒక సర్దార్జీ తన కొడుకు పేరూ కూతురి పేరూ ఒక్కటే చెబితే, పొరపాటనుకుని రెండోది అడిగాను. వాళ్లలో ఒకే పేరు మగవాడికీ ఆడపిల్లకూ పెడతారనీ, తేడా పేరు చివర వచ్చే సింగ్, కౌర్ అనే మాటల్లోనే తెలుస్తుందనీ నవ్వుతూ చెప్పాడు. పక్క షెడ్డులో టింకరింగు చేసే సాయిబుగారు తన మనవడి పేరుకు దయామయుడి దాసుడని అర్థం చెప్పి, మనిషికి దాసుడనే పేరుకన్నా గౌరవం ఏముందయ్యా అన్నాడు. రాజస్థాన్ డ్రైవరొకడి పేరు ఘసీటా. ఈడ్చినవాడని అర్థమట. అతనికి ముందు పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతుంటే, ఇతన్ని పుట్టగానే వాళ్లమ్మ నేల మీద ఈడ్చిందట, ఇదేదో పనికిరాని సరుకని మృత్యువు వదిలేసి పోవాలని. అది చెబుతూ అతను సిగ్గుపడలేదు, తల్లి కట్టిన తాయెత్తును చూపించినట్టు చెప్పాడు. మన పెంటయ్యలూ పుల్లయ్యలూ అలా బతికినవాళ్లే గదా అనుకున్నాను. ఈ సంగతి నాకు అప్పటికే తెలుసునన్నది మీరు గుర్తుంచుకోవాలి.

ఎందుకంటే ఆ మరుసటేడే హనుమాన్ జంక్షన్ నుంచి ఒకాయన కొత్త లారీతో వచ్చాడు. ఇద్దరు బిడ్డలు పురిట్లోనే పోయాక మూడోది ఆడపిల్ల నిలిచింది, ఏడాది నిండింది. కొబ్బరికాయ కొట్టడానికి ఆయన తల్లి కూడా వచ్చింది. ఏం పేరు రాయమంటారంటే ఆయన నసిగి, పెంటమ్మ అన్నాడు. ఆవిడే బిడ్డను పెంటకుప్ప మీద ఒక్క నిమిషం పడుకోబెట్టి, ఎవరో పారేసిన బిడ్డలా ఎత్తుకుని వచ్చి ఆ పేరు పెట్టిందట.

నన్ను మంచి పేరు చెప్పమని ఆయన బతిమాలాడని ఇన్నాళ్లూ చెప్పుకున్నాను. ఎవరూ బతిమాలలేదు. నేనే నవ్వాను. ఇంత ఖరీదైన బండి నుదుటిన ఆ పేరేమిటండీ అన్నాను. సవీనా అని రాద్దాం, రష్యా భాషలో చావులేనిదని అర్థం అన్నాను. నాకు రష్యా భాష ముక్క రాదు. స, వ, న అనే అక్షరాలు నా కుంచెకు బాగా తిరుగుతాయి, ఆ పేరు పుట్టింది అందులోంచే. ఆయన మొహం ఒక్కసారిగా విప్పారింది. ముసలమ్మ మాత్రం కొబ్బరిచిప్ప చేత్తో పట్టుకుని నా దగ్గరకు వచ్చింది.

“ఏం అబ్బాయ్, నీ రంగు మెరిసిద్దని నా మనవరాల్ని నలుగురి కళ్లల్లో పెడతావా? అది ఎవరి కంటా పడకూడదనే గదా నేను పెంటలో పెట్టింది!”

“కాలం మారింది మామ్మా,” అన్నాను, షెడ్డులో అందరికీ వినబడేలా. అందరూ నవ్వారు. కొడుకూ నవ్వాడు.

పిల్ల మూడో ఏట వానాకాలపు జ్వరంతో పోయింది.

ఆ దసరా ముందు లారీ వచ్చినప్పుడు, పేరు చెరిపించుకోవడానికే వచ్చాడనుకున్నాను. చెరపడానికి కాదు, ఇంకా పెద్దగా రాయించడానికి వచ్చాడు. “మా అమ్మ నోరే తినేసిందండీ దాన్ని,” అన్నాడు. “మీరు చావులేని పేరు పెడితే, ఆవిడ చాటుగా పెంటమ్మా, పెంటమ్మా అనే పిలిచేదంట. ఇహ ఆవిడ మొహం చూడనండీ ఆర్టిస్టు గారూ. ఆవిడ మంచమూ కంచమూ పశువుల కొట్టంలోకి పంపించేశా.”

ఒక్క మాట చెబితే సరిపోయేది. బాబూ, ఆ అర్థం నేను అల్లింది, మీ అమ్మ పిలుపులో ఏ దోషమూ లేదు, ప్రేమ తప్ప. నోటిదాకా వచ్చింది కూడా. చుట్టూ నలుగురు డ్రైవర్లున్నారు, తమ పిల్లల పేర్లకు అర్థాలు చెప్పించుకోవడానికి కాచుక్కూర్చున్నారు. పసుపు వెయ్యమంటారా, ఎరుపు వెయ్యమంటారా అని అడిగాను.

ఆ తరవాత ఏటా దసరాకు ఆ మూడక్షరాలూ దిద్దాను. ఆవిడకు చెప్పి రావాలని ఒకసారి బస్సెక్కి వాళ్ల ఊరు వెళ్లాను. ఆవిడ కాళ్లు పట్టుకున్నానని ఇక్కడ రాయాలని చాలా ఉంది. జంక్షన్లో దిగి, రెండు టీలు తాగి, వాళ్లిల్లు ఎటో కూడా అడగకుండా తిరుగు బస్సెక్కాను.

పదకొండో దసరాకు ఆయన గుండుతో వచ్చాడు. “అమ్మ పోయిందండీ,” అన్నాడు. కొట్టంలోనే పోయిందట. ఆఖరున నోట్లో మంచినీళ్లు పొయ్యమని అడిగితే ఈయన వెళ్లలేదట. అది చెప్పి, లారీ టైరుకు ఆనుకుని, అంత మనిషీ భోరుమని ఏడ్చాడు. ఆనాడూ నేను నిజం చెప్పలేదు, కానీ ఈసారి నా పరువు కోసం కాదు. ఆ నిజం అప్పటికి ముసలమ్మకు ఎందుకూ పనికిరాదు, ఆయన్ని మాత్రం బతకనివ్వదు. పరువు కోసం పదకొండేళ్లు దాచిన నిజాన్ని, చివరికి జాలి కోసం దాచాల్సి వచ్చింది. ఆ తరవాత నేనెవరికీ పేరుకు అర్థం చెప్పలేదు.

ఇప్పుడు ఆటోనగర్లో కుంచెలు లేవు. పేరును మిషను కత్తిరిస్తుంది, కుర్రాళ్లు అంటించి పోతారు, రంగు ఆరేదాకా కూర్చుని కబుర్లు చెప్పే తీరిక ఎవరికీ లేదు. అర్థాలన్నీ ఫోనులో ఉన్నాయి. వాటిని అందులో ఎక్కించినవాళ్లలో నాబోటివాళ్లు ఎందరున్నారో. బిడ్డను పెంటకుప్ప మీద పెట్టాల్సిన రోజులు పోయాయి, పుట్టిన పిల్లలు నిలుస్తున్నారు, అంతకన్నా ఏం కావాలి. కాకపోతే, మృత్యువును మోసం చెయ్యడానికి తన ముద్దునంతా అసహ్యం కింద దాచిపెట్టుకోగలిగిన ప్రేమను కూడా ఆ రోజులతో పాటే చూశాను, చూసి పదిమందిలో నవ్వాను. దేశదేశాల డ్రైవర్లను ఆపి మరీ పేర్లు అడిగినవాణ్ణి, ఆ ముసలమ్మ పేరేమిటో ఏనాడూ అడగలేదు.