కిటికీ కోసం దావా

చిరిగినచోట చిరుగే లేనట్టు దారాలు అల్లి ఇవ్వడం ఆమె పని. అందరికీ ఆమె రఫూ అక్క. ఇరుకు గదిలో ఉన్న ఒక్క కిటికీ కిందే ముప్పై ఏళ్ళుగా కూర్చుని కుట్టింది. ఏది నలుపో, ఏది ముదురు నీలమో పగటి వెలుగులోనే తేలుతుంది. బల్బు కింద అన్నీ ఒకటే.

పక్కనున్న అద్దాల కొట్టాయన సరుకు దాచుకోవడానికి ఆ కిటికీకి జానెడు దూరంలో గోడ లేపాడు. అడగడానికి వెళ్తే కుర్చీ వేసి కూర్చోబెట్టాడు.

"మనలో మనకు గొడవలేంటక్కా? వానలు తగ్గనీ, తీయించేస్తా."

వానలు తగ్గాయి. తర్వాత కూతురి పెళ్ళన్నాడు. ఆ తర్వాత మేస్త్రీ దొరకలేదన్నాడు. ఈలోగా ఆమె నీలం కోటుకు నల్లదారం వేసేసింది. కోటాయన పల్లెత్తు మాట అనకుండా తీసుకుపోయాడు, మళ్ళీ రాలేదు. తిట్టినా అంత బాధపడేది కాదు.

మర్నాడే ప్లీడరమ్మ దగ్గరికి వెళ్ళింది.

"గోడ కట్టి ఎన్నాళ్ళయింది?"

"వచ్చే నెలకి రెండేళ్ళమ్మా."

"ఇన్నేళ్ళు వాడుకున్న వెలుగు మీద మీకు హక్కుంది. కానీ రెండేళ్ళలోపు దావా వెయ్యకపోతే అది పోయినట్టే."

"తీస్తానంటున్నాడుగా?"

"అంటూనే ఉంటాడు. మీరు మాట్లాడుకుంటున్నారని గడువు ఆగదు."

రఫూ అక్కకు ఒళ్ళు మండింది. ఆయన మీదకన్నా తన మెతకదనం మీదే ఎక్కువ.

ఇంట్లో మరిది నసిగాడు. "పక్కపక్కన బతకాల్సినవాళ్ళం వదినా. రేపు ఆయన మొహం ఎలా చూస్తాం?"

"మొహం సంగతి తర్వాత. నాకు దారమే కనబడట్లేదు. సాక్ష్యానికి వస్తావా, రావా?"

గొణుక్కుంటూనే వచ్చాడు.

గడువు దాటకముందే దావా పడింది. వాయిదాల మీద వాయిదాలు. ఆమె ఒక్కటీ మానలేదు. కోర్టు వరండాలో వెలుతురు బాగుందని పని అక్కడికే తెచ్చుకుంది. పిలుపు వచ్చేలోపు ఇద్దరు గుమాస్తాల చొక్కాలు బాగుచేసి ఇచ్చింది.

"ఇన్నాళ్ళు ఊరుకుని ఇప్పుడొచ్చింది" అని అద్దాల కొట్టాయన వాదించాడు. జడ్జి తేదీలు చూసి, గడువులోపే వచ్చిందన్నారు. చివరికి గోడను కిటికీ కింది అంచు దాకా దించమని తీర్పిచ్చారు. అన్నాళ్ళూ దొరకని మేస్త్రీ ఆ వారంలోనే దొరికాడు.

ఆయన పలకరించడం మానేశాడు. ఆమె దానికేమీ బెంగపెట్టుకోలేదు. ఎవరైనా వచ్చి ఏదైనా తగువు చెప్పుకుంటే మాత్రం సూది ఆపకుండానే అడిగేది:

"అది జరిగి ఎన్నాళ్ళయింది? ప్లీడర్ని కలిశావా?"