శారమ్మ ఫార్మ్ కాంటా ఎక్కిన రోజు

ఎడపల్లి దేవదాస్ ముప్ఫై ఒక్క ఏళ్లు చెరుకు ట్రాక్టరు నడిపాడు. ఒక్క లోడు కూడా రోడ్డు పక్క పారబోయలేదు. ఈ మాట ఆయన చెప్పుకోడు. ఎవరన్నా అడిగితే "నడిపిన" అని ఊరుకుంటాడు. చెప్పేది పక్కింటి లింబాద్రి. ఆ లోడుల్లో సగం లింబాద్రి పొలంలో చెరుకే కాబట్టి ఆయనకు చెప్పే హక్కుంది.

మూడేళ్ల కిందట దేవదాస్ ఎడమ మోకాలికి ఆపరేషన్ అయింది. ఇక క్లచ్ తొక్కొద్దని డాక్టరు చెప్పాడు. పని లేని దేవదాస్ ఇంట్లో కూర్చుని, భార్య శారమ్మ బియ్యం చెరిగే తీరులో తప్పులు పట్టడం మొదలుపెట్టాడు. వారం రోజులు చూసి శారమ్మ కూతురికి ఫోన్ చేసింది. నిజామాబాద్‌లో నర్సుగా పనిచేస్తున్న లిడియా ఒక సెకండ్‌హ్యాండ్ గేమ్ మిషన్ తెచ్చి టీవీకి తగిలించింది. అందులో ఒక వ్యవసాయం ఆట ఉంది. దున్నొచ్చు, నాటొచ్చు, కోయొచ్చు, ట్రాలీకెత్తి ఫ్యాక్టరీకి తోలొచ్చు.

"పోరగాండ్ల ఆట," అన్నాడు దేవదాస్.

రెండు రోజులు దూరం నుంచే చూశాడు. మూడో రోజు, "గీ డ్రైవరుకు మూల తిప్పుడు వస్తలేదు," అంటూ వచ్చి టీవీ ముందు కూర్చున్నాడు. అంతే, మళ్లీ లేవలేదు.

ఆయన ఆడే పద్ధతి వేరు. లుంగీ మీద ట్రాక్టరెక్కడు, ప్యాంటూ చొక్కా వేసుకుంటాడు. గేరు మారినప్పుడల్లా ఎడమకాలు చాపను తొక్కుతుంది. "చాప మీద గూడ క్లచ్ తొక్కొద్దని డాక్టరు చెప్పాల్నా, లిడియా బాపు?" అంటుంది శారమ్మ. ఆదివారం చర్చి నుంచి వచ్చేదాకా బండి తీయడు. అన్నిటికంటే ఆయనకు బాధ కలిగించింది ఆటలోని ఫ్యాక్టరీ. గేటు దగ్గర వరస ఉండదు. లోపలికి పోయిన క్షణంలోనే లోడు మాయమవుతుంది. అది అన్యాయమనిపించి, దేవదాస్ తనంతట తానే గేటు బయట ట్రాక్టరాపి, చేతిలోని కంట్రోలరు కింద పెట్టి, అరగంట చాయ్ తాగుతాడు.

"నంబరు రాకుండ లోపలికెట్ల పోత?" అంటాడు.

ఆ అరగంటా లింబాద్రి వచ్చి పక్కన కూర్చుంటాడు. వరసలో నిలబడ్డ మనిషికి తోడు కావాలి కదా.

పొలానికి లిడియా మొదట్లోనే 'శారమ్మ ఫార్మ్' అని పేరు పెట్టింది. నాలుగెకరాలతో మొదలై అది అరవై ఎకరాలైంది. "నా పేరు మీద అరవై ఎకరాలున్నయట. కొత్తిమీర కట్ట గూడ ఇంటికి రాలె," అని శారమ్మ వచ్చినవాళ్లందరికీ చెబుతుంది.

ఈ ఎండాకాలం మిషన్‌కు జబ్బు చేసింది. పిండిగిర్ని మాదిరి గర్రుమనడం, లోడు మధ్యలో ఆగిపోవడం. దేవదాస్ దాని మీద చెవి పెట్టి విని, "బేరింగు," అన్నాడు. ఇంట్లో స్క్రూడ్రైవరుంది కానీ ముట్టుకోలేదు. తనకు తెలియని ఇంజను విప్పడం ఆయన ఎన్నడూ చేయలేదు. మిషన్‌ను తువ్వాలలో చుట్టి, ఒళ్లో పెట్టుకుని, నిజామాబాద్ బస్సెక్కాడు.

బస్టాండు వెనక సందులో సౌందర్య దుకాణం ఉంది. దుకాణమంటే ఒక బల్ల, ఒక స్టూలు, పైన ఒక లైటు. పాడైపోయిన ఫోన్లు విప్పి విప్పి ఆమె తనంతట తానే పని నేర్చుకుంది. పని చేసేటప్పుడు మాట్లాడదు. మిషన్ ఆన్ చేసి ఆమె కూడా చెవి పెట్టి విన్నది.

"ఫ్యాన్ బేరింగు," అంది.

దేవదాస్‌కు ఆమె మీద నమ్మకం కుదిరింది.

"ఫ్యాన్ మారిస్తే గర్రుమనుడు బంద్ అయితది కాకా. కాని డిస్కు గూడ టక్కుటక్కుమంటుంది. కొత్తది వెయ్యాలె. వేస్తె పాత ఆటలన్నీ పోతయ్."

"ఆటలు పోతె పోనీ బిడ్డా. పొలం ఉంటది గద?"

"పొలం గూడ పోతది."

దేవదాస్ తువ్వాలతో మొహం తుడుచుకున్నాడు. "మూడేండ్లు. అరవై ఎకరాలు. చెరుకు కోతకొచ్చింది," అన్నాడు, ఎవరో చనిపోతే ఆ మనిషి మంచితనం చెప్పినట్టు.

సౌందర్య నవ్వలేదు. "ఇంటికాడ కూసోని దాన్ని నెట్ మీదికెక్కించు. క్లౌడ్ అంటరు. కంపెనీ వాళ్ల కంప్యూటర్లల్ల భద్రంగ ఉంటది. డిస్కు మార్చినంక మళ్ల దింపుకుందం."

"నువ్వే ఎక్కియ్యరాదు?"

"పాస్‌వర్డ్ గావాలె. నేను ఎవల పాస్‌వర్డ్ అడగ."

ఆ మాట కూడా దేవదాస్‌కు నచ్చింది. ఏమేం చేయాలో ఆమె ఒక కాగితం మీద రాసిచ్చింది. చివర, 'పూర్తయిందని వస్తుంది. మిషన్ బంద్ చేసి శనివారం తీసుకురావాలి' అని ఉంది. ఆ రెంటి మధ్య ఏమీ చేయకూడదని రాయలేదు. రాయాల్సి వస్తుందని ఎవరు మాత్రం అనుకుంటారు?

మర్నాడు పొద్దున పని మొదలైంది. లిడియా ఫోన్‌లో పాస్‌వర్డ్ చెప్పింది. నెట్‌కు శారమ్మ ఫోన్ పెట్టారు. సిగ్నల్ కిటికీ దగ్గర మాత్రమే వస్తుంది, అదీ ఫోన్‌ను తల మీది ఎత్తులో పట్టుకుంటేనే.

"కదలకు శారమ్మా. పోతుంది, పొలం పోతుంది," అన్నాడు దేవదాస్, తెర మీది గీతను చూస్తూ.

"పొయ్యి మీద కూర గూడ పోతుంది," అంది శారమ్మ, చేయి దించకుండా.

లింబాద్రి గడపలో కూర్చుని, "ఇప్పుడు ఏ మడి పోతుందిరా?" అని రెండు నిమిషాలకోసారి అడిగాడు. కూర మాడింది. గీత నిండింది. పూర్తయిందని వచ్చింది.

దేవదాస్ మిషన్ బంద్ చేయాల్సింది అక్కడే. చేయలేదు. లోపల చూశాడు. శారమ్మ ఫార్మ్ ఎక్కడిదక్కడే ఉంది.

"గిదేంది? లోడు దిగలె," అన్నాడు.

ఇక్కడ కాంటా సంగతి చెప్పాలి. చెరుకు ట్రాలీ ఫ్యాక్టరీలోకి పోయేటప్పుడు నిండుగా కాంటా ఎక్కుతుంది. చెరుకు దింపి వచ్చేటప్పుడు ఖాళీగా మళ్లీ ఎక్కుతుంది. రెండు బరువుల తేడానే చెరుకు. ఖాళీ ట్రాలీ కాంటా ఎక్కితేనే తూకం చిట్టీ చేతికొస్తుంది. బయటికొచ్చే ట్రాలీలో చెరుకు కనబడితే అది దించినట్టు కాదు, ఎవరెంత చెప్పినా కాదు. ముప్ఫై ఒక్క ఏళ్లు దేవదాస్ ఈ లెక్క మీద బతికాడు. పొలం క్లౌడ్‌కు పోయినట్టయితే ఇక్కడ ఉండకూడదు. ఇక్కడ ఉందంటే అక్కడికి పోలేదు.

"ట్రాలీ ఖాళీ గావాలె," అన్నాడు.

"కావాలె మరి," అన్నాడు లింబాద్రి, రైతు వైపు నుంచి.

శారమ్మ మిషనరీ బడిలో ఎనిమిదో తరగతి దాకా చదివింది. ఇంట్లో ఇంగ్లీషు చదివే పని ఆమెదే. వెతికి వెతికి డిలీట్ ఎక్కడుందో చూపించింది. దేవదాస్ నొక్కాడు. తెర ఒక ప్రశ్న అడిగింది.

"ఖాయమేనా అంటుంది," అని చదివింది శారమ్మ.

"ఖాయమే."

"మళ్ల రాదట."

"రావద్దనే గద."

నొక్కాడు. పొలం పోయింది. నిజంగా ఖాళీ అయిందో లేదో చూద్దామని ఆట తెరిచాడు. గడ్డి మొలిచిన నాలుగెకరాలు, ఓ మూల పాత ట్రాక్టరు. సరిగ్గా మూడేళ్ల కిందట లిడియా పెట్టిచ్చినట్టే. దేవదాస్‌కు తృప్తిగా అనిపించింది. లోడు బాగా దిగింది. ఆట మూసేశాడు.

మూయగానే తెర మీద రెండు డబ్బాలు, వాటి పైన నాలుగు లైన్ల ఇంగ్లీషు వచ్చాయి. శారమ్మ అద్దాలు పెట్టుకుని నెమ్మదిగా చదివింది. మిషన్‌లో ఉన్నది, క్లౌడ్‌లో ఉన్నది ఒకటి కాదట. ఏదో ఒకటే ఉంచాలట.

"కుడి పక్కది కొత్తదట. దాన్నే ఉంచుకొమ్మని నీలం రంగు పెట్టింది," అంది.

"కొత్తదే ఉంచు. ఆళ్లే చెప్తుండ్రు గద," అన్నాడు లింబాద్రి.

దేవదాస్ బొటనవేలు బటన్ మీదికి పోయింది.

"ఆగు. కింద ఇంకో ముక్కున్నది. ఉంచనిది మొత్తానికే పోతదట."

బొటనవేలు అక్కడే ఆగిపోయింది. రెంటిలో ఒకటి అరవై ఎకరాలు, ఒకటి గడ్డి. ఏది ఏదో తెర చెప్పడం లేదు. రెండు డబ్బాల మీదా ఒకే ఆట బొమ్మ, ఒకే ట్రాక్టరు. శారమ్మే సౌందర్యకు ఫోన్ కలిపి, స్పీకరు పెట్టింది. దేవదాస్ జరిగిందంతా చెప్పాడు.

"డిలీట్ ఎందుకు జేసినవ్ కాకా?"

"ట్రాలీ ఖాళీ గాకుంటె లోడు దిగినట్టెట్ల బిడ్డా?"

అవతల చేతిలోది ఏదో బల్ల మీద పెట్టిన చప్పుడు వినబడింది.

"ఇప్పుడు నీ చెయ్యి యాడున్నది?"

"బటన్ మీద."

"తియ్యి."

"తీసిన."

"చేతులున్నది కింద పెట్టు. పెట్టినవా? అక్కా, తారీకులు సూడు."

"రెండూ ఇయ్యాల్టియే."

"టైం?"

"ఎడమది పదీ నలభై. కుడిది పదకొండుంబావు."

"మీరు ఎన్నింటికి ఎక్కించిండ్రు?"

ముగ్గురూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"చాయ్ తాగినంక," అన్నాడు దేవదాస్.

"నేనొచ్చినంక," అన్నాడు లింబాద్రి.

"కూర మాడినంక," అంది శారమ్మ.

సౌందర్య ఊపిరి వదలడం ఫోన్‌లో వినబడింది. "సరే. డబ్బాల కింద చిన్నగ ఇంకేమన్న రాసున్నదా?"

శారమ్మ లేచి టీవీకి ముక్కు ఆనించినంత దగ్గరగా పోయింది. "ఎడమ దాని కింద నలభయ్యారు ఎంబీ. కుడి దాని కింద మూడు ఎంబీ."

"ఎంబీ అంటె బరువా బిడ్డా?" అని అడిగాడు దేవదాస్.

"బరువే అనుకో కాకా."

దేవదాస్ మోకాలి సంగతి మరచి చటుక్కున లేచాడు. "నలభయ్యారు నిండు ట్రాలీ. మూడు ఖాళీ ట్రాలీ. ఆళ్లు మంచిదని నీలం రంగు పెట్టింది ఖాళీ ట్రాలీకి."

"అట్లనే పెడ్తది. ఏది కొత్తదైతె దానికే పెడ్తది," అంది సౌందర్య. "ఎడమది ఉంచు."

లింబాద్రి గడపలోంచి లేచి వాకిట్లోకి పోయి, అటు తిరిగి నిలబడ్డాడు. తన సలహా ఎవరికీ గుర్తు రాకుండా ఉంటే చాలనుకున్నాడు. దేవదాస్ కంట్రోలరు మళ్లీ చేతిలోకి తీసుకున్నాడు. ఎడమ వైపు నొక్కబోతే బొటనవేలు కుడికి జరిగింది. ఎడమకు తెచ్చాడు. మళ్లీ జరిగింది.

"ఇటియ్యి," అంది శారమ్మ. "నా పేరు మీదున్నది."

నొక్కింది.

మళ్లీ ఫోన్ పట్టుకుని కిటికీ దగ్గర నిలబడాల్సి వచ్చింది. ఈసారి కదలొద్దని ఆమెకు ఎవరూ చెప్పలేదు. గీత నిండింది. ఆట తెరవగానే చెరుకు ఊగుతూ కనబడింది. దేవదాస్ ట్రాక్టరెక్కకుండా గట్ల వెంట నడుస్తూ ఒక్కో మడీ చూసుకున్నాడు. శారమ్మ మూడేళ్లలో మొదటిసారి చివరిదాకా కూర్చుని చూసింది.

"గింత ఉన్నదా?" అంది.

శనివారం సౌందర్య ఫ్యాన్ మార్చింది, డిస్కు మార్చింది. దేవదాస్ పాస్‌వర్డ్ కొట్టేటప్పుడు తువ్వాల అడ్డం పెట్టుకున్నాడు. సౌందర్య గోడ వైపు తిరిగి నిలబడింది. పొలం దిగింది. కింద నలభయ్యారు అని రాసి ఉంది. దేవదాస్ దాన్ని రెండుసార్లు చదివాడు.

"ఒకసారి నడిపి సూపియ్యి కాకా. బటన్లు మంచిగ పని చేస్తున్నయో లేదో సూస్త," అంది సౌందర్య.

దేవదాస్ స్టూలు మీద సర్దుకుని కూర్చున్నాడు. ఒకదాని వెనక ఒకటి తగిలించిన రెండు నిండు ట్రాలీలున్నాయి. వాటిని షెడ్డులోకి వెనక్కి తోలడం మొదలుపెట్టాడు. ఒక ట్రాలీనే వెనక్కి తోలడం కష్టం. రెండైతే స్టీరింగ్ ఎటు తిప్పితే మొదటిది దానికి ఎదురు పోతుంది, రెండోది దాన్ని కాదని ఇంకోవైపు పోతుంది. ఈ ఆట ఆడేవాళ్లు ఎవరైనా అక్కడ ట్రాలీలు విప్పేసి ముందుకు తోలుకుంటారు. దేవదాస్ విప్పలేదు. వేలు కొద్దిగా అటు, కొద్దిగా ఇటు కదిలింది. రెండు ట్రాలీలూ ఒకే గీత మీద వెనక్కి పోయి, గోడలకు జానెడు దూరంలో షెడ్డులో నిలబడ్డాయి.

ఫోన్ బాగు చేయించుకోవడానికి వచ్చిన ఇద్దరు తమ ఫోన్ల సంగతి అడగడం మరచిపోయారు.

సౌందర్య తన స్టూలు దగ్గరికి లాక్కుని కూర్చుంది.

"ఇంకోసారి తోలు కాకా," అంది.