రాత పోయిన స్టే

డుంబ్రిగుడలో బస్సెక్కిన ముసలమ్మ నా పక్కన కూర్చుని, కొంగుముడి విప్పి ఒక కాగితం చేతికిచ్చింది.

"సదువు బాబూ, స్టే ఇంకా ఉన్నాదా?"

సహకార సంఘం బాకీకింద వాళ్ల కాఫీతోటను వేలం వెయ్యబోతే కోర్టు ఆపిందట. వేలానికి వచ్చేవాళ్లకి కనబడాలని ఆమె మొగుడు ఆ ఉత్తర్వును తోటలోనే చెట్టుకి కట్టాడట. ఈ వానల్లో ఆయన పోయాడు. మళ్లీ నోటీసు వచ్చాక ఆమె దాన్ని విప్పి తెచ్చింది.

ఊదారంగు ముద్ర మరక తప్ప దానిమీద ఒక్క అక్షరం మిగల్లేదు.

"కోర్టులో ఇంకో కాపీ ఇస్తారమ్మా" అన్నాను.

"అది కాదు బాబూ. మా ముసలోడి పేరు ఇందల రాసుండేది. ఏ సోటో సూపించు."

నాకేం తెలుసు? ఏదో ఒకచోట వేలు పెట్టాను.

ఘాట్ రోడ్డు దిగేదాకా ఆమె బొటనవేలు అక్కణ్ణించి కదల్లేదు.