అట్ట మూల మీద నేను అతికించిన చీటీ

మొన్న ఫోన్‌లో మీరిద్దరూ పోటీపడి అడిగినదానికి నేను సరిగా జవాబు చెప్పలేదు. "అమ్మమ్మా, ఈ గేమ్ అట్ట మీద పదహారు అని ఉంది. నాకు పదమూడే. ఆడొచ్చా? నువ్వు సరే అంటే అమ్మ కొంటానంది" అని పెద్దాడు. "అదే గేమ్‌కి ఇంకో దేశంలో పన్నెండే వేశారట అమ్మమ్మా, నేను చూశాను" అని వెనక నుంచి చిన్నది. ఒకప్పుడు గేమ్ షాపు నడిపిన అమ్మమ్మకి ఇవన్నీ తెలుస్తాయని మీ అమ్మ చెప్పి ఉంటుంది. తెలుసు నాన్నా. తెలిసి కూడా ఏం చేశానో మీ అమ్మకి తెలీదు. అందుకే "కుక్కర్ కూత వేస్తోంది, మళ్లీ చేస్తాను" అని పెట్టేశాను. ఆ పూట నేను కుక్కర్ పెట్టనే లేదు.

ఇప్పుడు చెబుతాను. ఫోన్‌లో అయితే మధ్యలో మాట మార్చేస్తాను, నా సంగతి నాకు తెలుసు. అందుకని రాస్తున్నాను.

మీ తాతగారు పోర్టులో క్రేన్ ఆపరేటరు. గోదావరి వైపు నుంచి వచ్చి గాజువాకలో ఇల్లు కట్టుకున్నాం. తొంభైల్లో మా వీధి గదిలో నేను వీడియో క్యాసెట్లు అద్దెకిచ్చేదాన్ని. ప్రతి క్యాసెట్ డబ్బాకీ కింద ఎడమవైపు మూలన ఒక గుండ్రటి తెల్ల చీటీ, దాని మీద నా చేత్తో రాసిన నంబరు. పెద్దలకు మాత్రమే అని సెన్సారు వాళ్లు ముద్ర వేసిన సినిమాలు మాత్రం అరలో పెట్టేదాన్ని కాదు. కాగితం చుట్టి బల్ల కింద ఉంచేదాన్ని. మీసాలు రాని కుర్రాడెవడైనా వచ్చి గొంతు లావు చేసుకుని అడిగితే, "మీ నాన్నగారిని పంపు బాబూ, ఆయనకే ఇస్తాను" అనేదాన్ని. అంతే, మళ్లీ కనపడేవాడు కాదు. "పిన్నిగోరి షాపుకి పిల్లల్ని పంపితే బెంగ లేదు" అని వీధిలో ఆడవాళ్లు అనుకునేవాళ్లు. ఆ మాట నా చెవిన పడ్డప్పుడల్లా ఆ రోజు కూర కూడా రుచిగా కుదిరేది.

తర్వాత కేబుల్ టీవీ వచ్చింది. క్యాసెట్లు అడిగేవాళ్లు లేక, సముద్రపు తేమకి బూజు పట్టాయి. అప్పుడు మా తమ్ముడు, అంటే మీ అమ్మకి మేనమామ, షాపుని మళ్లీ నిలబెట్టాడు. వాడు సరుకుల ఓడల్లో ఫిట్టరు. ఓడ దిగి వచ్చినప్పుడల్లా ఒక్కో ఊరి రేవులో కొన్న వీడియో గేమ్ డిస్కులు తెచ్చేవాడు. కొన్ని యూరప్‌వి, కొన్ని అమెరికావి, కొన్ని జపాన్‌వి. ఒక దేశం డిస్కు ఇంకో దేశం మిషన్లో ఆడదట. ఆటోనగర్‌లో టీవీలు బాగుచేసే అతను తమ్ముడు తెచ్చిన రెండు గేమ్ మిషన్లనీ విప్పి, లోపల ఏదో చిప్ అతికించి, ఏ దేశానిదైనా ఆడేలా చేసి ఇచ్చాడు. రెండు టీవీలు, రెండు మిషన్లు, నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు. బడి వదిలేసరికి గది నిండా పిల్లలు. నాకు యాభై దాటాయి అప్పటికి. మీ అమ్మ హాస్టల్లో ఉండి చదువుకుంటోంది. ఇల్లంతా బోసిగా ఉండేది. "గేమ్ పిన్నీ, గేమ్ పిన్నీ" అని ఆ పిల్లలు పిలుస్తుంటే నాకెంత బాగుండేదో చెప్పలేను.

అలవాటు ప్రకారం ఆ డిస్కు డబ్బాలకీ చీటీలు అతికించాను. అదే ఎడమవైపు కింది మూల. అక్కడ ఏదో చిన్న గడి, అందులో ఒక అంకె గానీ అక్షరం గానీ ఉండేది. కంపెనీ గుర్తు కాబోలు అనుకున్నాను. సినిమాకైతే సెన్సారు ముద్ర ఎక్కడుందా అని వెతికే మనిషిని, వీటికి వెతకలేదు. ఆట అంటే పిల్లలదే కదా, పెద్దవాళ్లకి ఆటలేమిటి అన్నది నా లెక్క.

ఒకసారి తమ్ముడు సెలవులో ఉండి, బల్ల దగ్గర కూర్చుని డబ్బాలు తిరగేస్తున్నాడు.

"ఏంటక్కా ఇది, సరిగ్గా వయసు మీదే అతికించేశావు?"

"వయసేమిట్రా?"

వాడు గోరుతో ఒక చీటీ ఊడదీశాడు. కింద పద్దెనిమిది అని ఉంది. "ఇది యూరప్ డబ్బా. పద్దెనిమిది నిండినవాళ్లే ఆడాలి అని. వాళ్లు అంకెలు వేస్తారు. మూడు, ఏడు, పన్నెండు, పదహారు, పద్దెనిమిది." ఇంకోటి తీశాడు. "ఇది అమెరికాది. వీళ్లు అక్షరాలేస్తారు. అందరూ ఆడేదానికొకటి, పదమూడు దాటినవాళ్లకొకటి, పదిహేడు దాటినవాళ్లకొకటి. జపాన్ వాళ్లవి మళ్లీ వేరే అక్షరాలు. వాళ్ల దగ్గర ఏ అంటే అందరూ ఆడుకోవచ్చని."

"ఏ అంటే పెద్దలకు కదరా?"

"అది మన సినిమాలకి. అక్కడ తిరగబడిపోయింది," అని నవ్వాడు. "ఒకే గేమ్‌కి ఒక దేశంలో పదిహేను, ఇంకో దేశంలో పద్దెనిమిది. రక్తం ఎర్రగా ఉంటే ఒప్పుకోని దేశాలున్నాయి, అక్కడికి పంపేటప్పుడు దాన్ని ఆకుపచ్చరంగు చేసి పంపుతారట."

"మరి మన దేశంలో?"

"మన దగ్గర గేమ్స్‌కి సెన్సారెక్కడుందక్కా. ఎవడూ అడగడు."

ఆ రోజే నేను చీటీలన్నీ పీకేయాల్సింది. వాడు ఓడెక్కాక ఒకరోజు కూర్చుని ఊడదీశాను కూడా. అప్పుడు తెలిసింది, మా గదిలో పిల్లలు ఎగబడి అడిగే ఆరు డిస్కులకీ అంకెలు పెద్దవే. అవి బల్ల కిందకి పోతే పిల్లలు మెయిన్ రోడ్డు మీద కొత్త షాపుకి పోతారు. గేమ్ పిన్ని అని ఇంకెవరు పిలుస్తారు? కాసేపు ఆలోచించి, నాకు నేను చెప్పుకున్నాను. వాళ్లలో వాళ్లకే పడటం లేదు. ఒకడు పదిహేనంటాడు, ఒకడు పద్దెనిమిదంటాడు. మన దేశం ఏమీ అననే లేదు. ఇక దీనికి ఒక విలువేమిటి? కొత్త చీటీలు తెచ్చి, మళ్లీ అదే మూలన, ఈసారి చూసి మరీ అతికించాను. మొదటిసారి తెలియక చేశాను. రెండోసారి అలా కాదు.

మా పక్కింట్లో ఒక కుటుంబం అద్దెకుండేది. వాళ్లది విజయనగరం వైపు పల్లె. ఆయన స్టీల్ ప్లాంట్లో కాంట్రాక్టు పని, ఆవిడ ఇంట్లోనే కుట్టుమిషన్ మీద జాకెట్లు కుట్టేది. వాళ్లకి తొమ్మిదేళ్ల ఆడపిల్ల. నాలుగో క్లాసు. నల్లగా, సన్నగా, ఎప్పుడూ ఒక రిబ్బను ఊడిపోయి ఉండేది. తల్లి పని చేసుకుంటూ ఆ పిల్లని నా షాపులో కూర్చోబెట్టేది. "పిన్నిగోరూ, ఓ గంట సూడండి దీన్ని, మీ కాడుంటే నాకు బెంగుండదు" అనేది. పిల్ల ఒక మూల కుర్చీలో కాళ్లు ఊపుకుంటూ, పెద్ద పిల్లలు ఆడేది చూసేది. ఎవరూ లేనప్పుడు "పిన్నీ, నానూ ఆడతాను" అంటే నేనే మిషన్ పెట్టి ఇచ్చేదాన్ని.

ఆ ఆరింటిలో ఒకటి ఆస్పత్రి ఆట. పాడుబడ్డ ఆస్పత్రిలో చచ్చినవాళ్లు మంచాల మీంచి లేచి వస్తారు. రంపం పట్టుకున్న మనిషొకడు తలుపుల వెనక నుంచుంటాడు. పెద్ద పిల్లలు కేకలు పెట్టి నవ్వుతూ ఆడేవాళ్లు. ఆ పిల్ల నవ్వడం నేను చూడలేదు. కళ్లు తిప్పుకోవడమూ చూడలేదు. రెండు చేతులూ కుర్చీ కింద పెట్టుకుని కళ్లార్పకుండా కూర్చునేది. ఒకరోజు అడిగితే దాన్నే పెట్టి ఇచ్చాను. నేను బల్ల దగ్గర బియ్యం ఏరుకుంటూ అంతా గమనిస్తూనే ఉన్నాను.

వారం పది రోజులకి, ఒక సాయంత్రం తల్లి పిల్లని చెయ్యి పట్టుకుని లాక్కుంటూ వచ్చింది. షాపులో ఇద్దరు ముగ్గురు పిల్లలున్నారు.

"పిన్నిగోరూ, ఏటండి ఇది! పెరట్లోకి ఒక్కర్తీ ఎల్లదు. రాతిరి నా కొంగొగ్గదు. దిట్టి తీసేను, తాయెత్తు కట్టించేను. ఏటయిందే అంటే, పిన్ని షాపులో సచ్చినోళ్లు లేత్తన్నారంట, రంపమెట్టి మనుసుల్ని కోత్తన్నారంట. నిజమేటండి?"

పిల్ల నా వైపు చూసింది. భయంగా కాదు. నేను అవునంటానని చూసింది. "సెప్పండి పిన్నీ," అంది, "ఆ ఆస్పత్రిది. మీరే ఎట్టేరు కదా."

ఆడుతున్న పిల్లలు కూడా ఆపి చూస్తున్నారు. ఆ డబ్బా నా చేతికందే దూరంలో ఉంది, చీటీతో సహా. నా నోట్లోంచి మాట ఎంత మెత్తగా వచ్చిందంటే, నాకే ఆశ్చర్యం.

"అబ్బే, అలాంటివి నా దగ్గరెందుకుంటాయమ్మా. అన్నీ పిల్లల ఆటలే. కార్లూ, బంతులూ. చిన్నపిల్ల కదా, ఎక్కడో టీవీలో చూసి కలగలిపేసుంటుంది."

తల్లి ముఖం ఒక్కసారిగా తేలికపడింది. వెంటనే సిగ్గుతో ఎర్రబడింది. నన్ను అనుమానించానే అని. పిల్ల వైపు తిరిగింది. "ఓలమ్మ! పిన్నిగోరి మీద సెప్తావేటే అబద్దాలు? అంత మనిసి మీద!" అని చెంప మీద ఒక్కటి వేసింది. గట్టి దెబ్బ. ఉన్న ఒక్క రిబ్బనూ ఊడిపోయింది.

"కొట్టకమ్మా, పోనీలే" అన్నాను నేను. విన్నారా నాన్నా? ఆపింది కూడా నేనే. పెద్దమనసు చేసుకున్నట్టు.

పిల్ల ఏడవలేదు. "నాను అబద్దమాడనేదు" అని ఒక్కసారే, మెల్లగా అంది. తల్లి ఇంకో దెబ్బకి చెయ్యెత్తితే నోరు మూసుకుంది. వాళ్లు వెళ్లాక ఒక కుర్రాడు, "పిన్నీ, సూపర్‌గా తప్పించేసేవ్!" అని పళ్లికిలించాడు. వాడికి నేను తోటి దొంగనైపోయాను.

ఆ తర్వాత ఆ పిల్ల మా షాపులోకి రాలేదు. బడికి మా గుమ్మం ముందు నుంచే వెళ్లాలి. తల దించుకుని, గోడ పక్కగా, బేగి బేగి నడిచిపోయేది. ఇక తల్లి నాకిచ్చే గౌరవం పెరిగింది. చేపల పులుసు వండితే గిన్నెలో తెచ్చిచ్చేది. ఆ పులుసు నేను తినలేకపోయాను, పారబోయలేకపోయాను. మీ తాతగారికి వడ్డించేసేదాన్ని.

మూడు వారాలు అలా గడిపాను. ఒక ఆదివారం షాపు తెరవకుండా కూర్చుని, తడిగుడ్డ పెట్టి చీటీలన్నీ నానబెట్టి ఊడదీశాను. తమ్ముడు చెప్పింది గుర్తు తెచ్చుకుని, ఒక అట్ట మీద పెద్దక్షరాలతో రాసి గోడకి తగిలించాను. ఏ దేశపు గుర్తుకి మన లెక్కన ఎన్నేళ్లు అని. ఒకే ఆటకి రెండు దేశాలు రెండు వయసులు చెబితే పెద్దదే పాటించాలని కింద రాశాను. మీరడిగినదానికీ నా జవాబు అదే నాన్నా. ఆరు డిస్కులూ కాగితం చుట్టి బల్ల కింద పెట్టాను. మర్నాడు పిల్లలు గోల. "ఇదేటి పిన్నీ, రేసన్ కార్డు సూపించాలేటి ఆడాలంటే?" అన్నాడొకడు. "నీకు మీసాలొచ్చాక రా" అన్నాను. సగం మంది మెయిన్ రోడ్డు షాపుకి పోయారు. పోనీ అనుకున్నాను.

ఇంత చేసినా మనసు కుదుటపడలేదు. గోడకి అట్ట తగిలించడం తేలికే. ఆ పిల్ల తల్లికి నిజం చెప్పడమే కష్టం. ఒక సాయంత్రం ధైర్యం చేసి వాళ్లింటికి వెళ్లాను. ఆవిడ కుట్టు ఆపి, స్టూలు తుడిచి వేసి, టీ పెట్టింది. పిల్ల లోపలి గదిలో నేల మీద బోర్లా పడుకుని హోంవర్కు రాసుకుంటోంది. తలుపు తెరిచే ఉంది.

"అమ్మా, ఆ రోజు మీ పిల్ల చెప్పింది నిజం," అన్నాను. "ఆ ఆట నా దగ్గరుంది. నేనే పెట్టి ఇచ్చాను. పిల్లలు ఆడకూడదని నాకు ముందే తెలుసు."

లోపల పెన్సిలు చప్పుడు ఆగింది.

తల్లి టీ గ్లాసు తెచ్చి నా చేతికిచ్చింది. తిడుతుందేమో అనుకున్నాను. తిట్టి ఉంటే బాగుండేది. తిట్టకపోగా తనే నా మీద జాలిపడింది. "పోన్లెండి పిన్నిగోరూ. పెద్దోరు, మీరొచ్చి సెప్పాలేటి నాకు? పిల్లలకి దెబ్బలు గురుతుంటాయా? అదెప్పుడో మర్సిపోయింది. టీ తాగండి, సల్లారిపోద్ది."

నేను టీ తాగాను. నిజం చెప్పానని గుండె తేలికైంది కూడా. ఇంకేవో జాకెట్ల సంగతులు మాట్లాడుకున్నాం. ఆవిడ లోపలికి కేకేసి పిల్లని పిలవలేదు. నేనూ పిలవమనలేదు.

లేచి వస్తుంటే, గేటు గొళ్లెం వేయడానికి పిల్ల నా వెనకే వచ్చింది. గేటు పట్టుకుని నుంచుంది. అంతా విన్నదని నాకు తెలుసు. నేనేమంటానా అని చూస్తోంది, ఆ రోజు షాపులో చూసినట్టే. వాళ్లమ్మకి చెప్పిన మాటలే మళ్లీ ఒక్కసారి అంటే చాలు. నువ్వు అబద్ధం ఆడలేదమ్మా, నేను ఆడాను, అని. నేను ఆ పిల్ల తల మీద చెయ్యి వేసి, "ఏ క్లాసమ్మా నువ్వు?" అని అడిగాను. నాకు తెలియదా ఏ క్లాసో.

"నాలుగు," అంది.

"బాగా చదువుకో," అని చెప్పి వచ్చేశాను.

వెనక గొళ్లెం పడ్డ చప్పుడు వినిపించింది. ఆ వేసవిలో వాళ్ల నాన్నకి పరవాడ పవర్ ప్లాంటులో పని దొరికి, అటు వెళ్లిపోయారు.