కావలసినవాళ్ళే అడగాలి

మా మేనత్త పోయింది. మొన్న సోమవారం తెల్లవారేసరికి, మండికల్లులో మా ఇంటి అరుగు మీద గోడకు ఆనుకుని కూర్చున్నది కూర్చున్నట్టే ప్రాణం విడిచింది. పక్క వీధిలోనే ఉంటూ ఏళ్ళ తరబడి మా గడప తొక్కని మనిషి. ఊళ్ళో ఆమెను పొగరుబోతు అనేవారు. అనేవాళ్ళకేం, నోటికి అడ్డా?

బాగేపల్లి వైపు ఇచ్చారు ఆమెను. మొగుడు ఇంకొకామెతో కాపురం పెడితే, కులపెద్దలు పంచాయతీ చేసి, ఎండుపుల్ల విరిచి చెరొక ముక్క చేతికిచ్చి విడదీశారు. మాలో అప్పట్లో అవే విడాకులు. కొన్నాళ్ళకు అతను చింతామణి సంతలో నిలబడి, "అది ఇంకా నా పెండ్లామే, ఈడ్చుకొని పోతా" అనడం మొదలుపెట్టాడు. అత్త సంతకు పోవడం మానేసింది. పట్టపగలే తలుపు గడియ వేసుకునేది.

ఆ విడాకులు చెల్లుతాయని కోర్టు చేత చెప్పించాలని మా నాన్న పెద్దలను వెంటబెట్టుకుని చిక్కబళ్ళాపురం బయలుదేరాడు. విడదీసింది పెద్దలు కాబట్టి అడగవలసిందీ వాళ్ళేనని అందరి నమ్మకం. ఒకాయన పైపంచె కొంగులో పుల్లముక్క కూడా మూటగట్టుకున్నాడు. ప్లీడరు తల పట్టుకున్నాడట.

"అన్న అడిగేదానికి లేదు, పెద్దలు అడిగేదానికీ లేదు. మొగుడన్నా అడగల్ల, పెండ్లామన్నా అడగల్ల. మీరంతా సాక్షులు. ఇంతకూ ఆయమ్మ యాడుండాదప్పా?"

ఆయమ్మ బయట ఎండలో నిలబడి ఉంది. లోపలికి పిలవాలని ఎవరికీ తోచలేదు మరి!

అర్జీ ఆమె పేరనే వేశారు. విచారణ రోజు "నీకేం కావాలమ్మా?" అని జడ్జి అడిగితే, నాన్న నోరు తెరిచేలోపే, "నాకు ఆయప్ప వద్దు సామీ. పెద్దలు విడిపించినారు, మీరూ ఆ మాట చెప్పండి" అనేసింది. కోర్టు ఒప్పుకుంది. నాన్న ఒప్పుకోలేదు.

"పదిమందిలో నన్ను కాదని మాట్లాడితివి. ఇంక నీ నోరే నీకు దిక్కు. మా గడప తొక్కొద్దు" అన్నాడు.

మొగుణ్ణి వదిలించుకోవడానికి పోయి అన్నను పోగొట్టుకుని వచ్చింది పిచ్చిది.

అప్పటినుంచి ఆమెకో అలవాటు. ఎవరైనా పిల్లల్ని పంపి మజ్జిగ అడిగిస్తే ఇచ్చేది కాదు. "కావల్సినోళ్ళే వచ్చి అడగల్ల. కోర్టులో అదే రూలు" అనేది. అమ్మ నన్ను చాటుగా కరివేపాకుకు పంపినా అదే మాట. అమ్మ విసుక్కుంటూ పోయేది. పోతే అత్త అంత తొందరగా వదిలేది కాదు. వక్కాకు పెట్టి, వేయించిన అనపగింజలు పెట్టి, చెప్పిన కబురే మళ్ళీ చెప్పేది. అలాగైనా ఒక మనిషి ఇంటికి వస్తుందని ఆమె ఆశ అని నాకు పెద్దయ్యాక గాని అర్థం కాలేదు.

చివర్లో జ్వరాన పడింది. "మీ అన్నకు చెప్పి పంపనా?" అని పక్కింటామె అంటే, "వద్దమ్మా, కావల్సింది నాకు. నేనే పోవల్ల" అందట.

తెల్లవారి తలుపు తీసింది నాన్నే. ఆమె తలుపు కొట్టిందో లేదో మాకెవరికీ వినబడలేదు. చేతిలో ఖాళీ చెంబు ఉంది. నాన్న ఆ చెంబు తీసుకుని లోపలికి వెళ్ళి, నిండా మజ్జిగ పోసుకొచ్చి, ఆమె పక్కన పెట్టి కూర్చున్నాడు.

"ఏం కావల్లమ్మా? అడుగు" అంటున్నాడు. జనం చేరేదాకా అంటూనే ఉన్నాడు.