మిగిలిపోయినాయనకు ఒక టెలిగ్రాం

1984 మార్చి. పొదిలి పోస్టాఫీసులో నేను టెలిగ్రాఫ్ కౌంటరు చూసేవాణ్ణి. అంతకు మూడేళ్ల ముందు, రెండేళ్లపాటు అఫిషియేటింగ్ చేసిన నన్ను, అంటే తాత్కాలికంగా పోస్టుమాస్టరు పని మోసిన నన్ను కాదని, ఆ కుర్చీ నాకంటే జూనియరైనవాడికి ఇచ్చారు. ఐదు అర్జీలు పెట్టాను. ఒక్కదానికీ జవాబు రాలేదు. నకళ్లు ఇప్పటికీ నా దగ్గరున్నాయి.

ఆ నెలంతా ఊళ్లో ఒకటే మాట. మనవాడొకడు రష్యా వాళ్లతో కలిసి ఆకాశంలో తిరిగే అంతరిక్ష కేంద్రానికి వెళ్లబోతున్నాడని. వైమానిక దళంలో ఇద్దరికి శిక్షణ ఇచ్చి ఒకరిని ఎంచుకున్నారు. రెండో ఆయన స్టాండ్‌బై. మొదటివాడికి ఏమైనా అయితే వెళ్లాల్సినవాడు. గ్రీటింగ్ టెలిగ్రాంలో మాటలన్నీ ముందే రాసిపెట్టి ఉంటాయి, మేం నంబరు కొడితే చాలు. స్కూళ్లవాళ్లు, క్లబ్బులవాళ్లు వచ్చి వెళ్లబోయే ఆయనకు ఆ నంబర్లే కొట్టించారు.

ఒకరోజు మిరప రైతు చెంచయ్య వచ్చాడు.

"రెండో ఆయనకు కొట్టాలండి. మిగిలిపోయినాయనకు."

"ఏమని?"

"అన్నం తింటున్నాడో లేదో కనుక్కోవాలండి."

నెమ్మదిగా సంగతి చెప్పాడు. కూతురు సుబ్బులుకు టీచర్ ట్రైనింగ్ వెయిటింగ్ లిస్టులో మొదటి నంబరు వచ్చింది. సీటు మాత్రం ఖాళీ కాలేదు. ఆ పిల్ల గడప దాటడం లేదు, కంచం ముందు కూర్చుని లేచిపోతోంది. అంత చదివినాయన ఎలా తట్టుకున్నాడో తెలిస్తే కూతురికి చెబుదామని చెంచయ్య ఆశ.

పోస్టుమాస్టరు లోపల్నుంచి నవ్వాడు. "వెళ్లనివాడికి శుభాకాంక్షలేంటయ్యా, ఏదో ఒక నంబరు కొట్టి పంపెయ్."

ఆ నవ్వు నేను మర్చిపోలేదు. జాబితా మొత్తం వెతికాను. వెళ్లనివాడికి పనికొచ్చే నంబరు ఒక్కటీ లేదు. తెల్ల ఫారం తీసి నేనే ఇంగ్లీషులో రాశాను. నువ్వూ సిద్ధంగానే ఉన్నావని మాకు తెలుసు, అన్నం మానకు, ఎలా ఉన్నావో రాయి అని. కింద చెంచయ్య, సుబ్బులు, పొదిలి. ఢిల్లీలో వైమానిక దళం ఆఫీసు పేరిట, టెలిగ్రాం కొట్టే మోర్స్ కీ మీద నేనే కొట్టాను.

మూడోరోజు సుబ్బులే వచ్చింది.

"నా పేరెందుకు పెట్టారండి?"

"మీ నాన్న పెట్టమన్నాడమ్మా."

జవాబొచ్చిందా అని అడిగింది. మర్నాడూ వచ్చింది. తర్వాత రోజూ వచ్చింది. జవాబు రాలేదు.

ఏప్రిల్‌లో ప్రయోగం రోజు సాయంత్రం, రేడియో కోసం ఆఫీసు మూయకుండా ఉంచాం. రాకెట్టు లేచిందనగానే అందరూ చప్పట్లు కొట్టారు. సుబ్బులు నా కిటికీ దగ్గరికొచ్చింది.

"ఆ రెండో ఆయన కూడా చప్పట్లు కొడుతుంటాడా అండి?"

"కొడుతూనే ఉంటాడమ్మా" అన్నాను. మా పోస్టుమాస్టరు కుర్చీ ఎక్కిన రోజు నేను కొట్టలేదు.

"ఒక కార్డు ఇవ్వండి. ట్రైనింగ్ అప్లికేషను మళ్లీ తెప్పించుకోవాలి" అంది. అక్కడే నిలబడి రాసింది.

మర్నాడు మధ్యాహ్నం చెంచయ్య వచ్చాడు. రాత్రి కూతురు రెండోసారి అన్నం అడిగి పెట్టించుకుందని చెప్పాడు. జవాబు రానందుకు నేను నొచ్చుకుంటుంటే, పోనివ్వండి అన్నాడు. వెళ్లబోతూ ఆగి, నా వెనకున్న పోస్టుమాస్టరు కుర్చీ వంకా నా వంకా చూశాడు.

"మీరు తిన్నారాండి?"

ఇంకా లేదన్నాను. ఆ మూడేళ్లలో ఆ మాట నన్నడిగిన మనిషి ఆయనొక్కడే. అర్జీ నకళ్లు నేను పారేయలేదు, పారేయను. కాని ఆరోది రాయలేదు.